సెల్ఫ్ తిరుగుతుంది, బండి అందుకోదు: ఫ్యూయల్ పంపు ఫ్యూజు, రిలే చూసే పద్ధతి

(విశాఖపట్నం గాజువాక ఆటోనగర్‌లో కారు సొంతదారులు, కొత్తగా పని నేర్చుకుంటున్న కుర్రాళ్ల ముందు చేసిన ప్రసంగం. రాలేకపోయినవాళ్ల కోసం రికార్డింగు విని టైపు చేశాం. తడబాట్లు మాత్రమే తీసేశాం.)

అందరికీ నమస్కారమండి. వెనక నిలబడినవాళ్లు కాస్త ముందుకు రండి. బల్ల మీద ఉన్నవన్నీ వేలెడంత వస్తువులు, అక్కణ్ణుంచి కనపడవు. రండి తమ్ముడూ, మొహమాటం వద్దు.

ఇవాళ ఒక్క కంప్లయింటు గురించే మాట్లాడతాను. తాళం తిప్పితే సెల్ఫ్ బాగా తిరుగుతుంది. లైట్లు వెలుగుతాయి, హారన్ మోగుతుంది. బండి మాత్రం అందుకోదు. పెట్రోలు కారు, ఇంజెక్షన్ బండి. ఈ మాట వినగానే చాలాచోట్ల వచ్చే జవాబు ఏమిటి? "పంపు పోయింది సార్." అంతే. వెనక సీటు లేపుతారు, ట్యాంకు మూత విప్పుతారు, వేలు పోసి కొత్త పంపు వేస్తారు. ఆ వేసేటప్పుడు కప్లర్, అంటే వైర్లు కలిపే ప్లగ్గు, పీకి పెడతారు, ఫ్యూజు తీసి పెడతారు. ఆ కదలికకే కాంటాక్టు కలిసి బండి స్టార్టవుతుంది. చూశారా, పంపే పోయింది అనుకుంటారు. కొన్నాళ్లకి అదే కంప్లయింటుతో అదే బండి మళ్లీ వస్తుంది. ఎందుకు? లోపం పంపులో లేదు కాబట్టి. ఫ్యూజు కూర్చునే గాడిలో ఉంది. లేదా రిలేలో, అంటే చిన్న కరెంటుతో పెద్ద కరెంటుని కలిపే స్విచ్‌లో, ఉంది. లేదా ఎర్త్ వైరులో ఉంది.

అందుకని నేను పట్టుబట్టేది ఒక్కటే. ట్యాంకు మూత మీద చెయ్యి వేసేముందు, పంపుకి కరెంటు వెళ్లే దారి మొత్తం లోడు మీద చూడండి. లోడు మీద, అంటే కరెంటు నిజంగా పారుతుండగా. ఈ మాట ఇవాళ చాలాసార్లు అంటాను, విసుక్కోకండి.

ముందు ఆ దారేమిటో చూద్దాం. బ్యాటరీ పాజిటివ్ నుంచి కరెంటు ఫ్యూజు బాక్సులోకి వస్తుంది. అక్కడ పంపు ఫ్యూజు, ఎక్కువ కార్లలో 15 ఆంపియర్లదో 20 ఆంపియర్లదో ఉంటుంది. ఫ్యూజు దాటి రిలేలో 30 నంబరు కాలికి వస్తుంది. రిలే కలిస్తే 87 నంబరు కాలి నుంచి బయటికి పోతుంది. అక్కణ్ణుంచి డోరు గుమ్మం పక్కన, కార్పెట్ కింద వైరు వెనక్కి వెళ్లి, సీటు కింద కప్లర్, ఆ తర్వాత ట్యాంకులో పంపు. పంపు దాటాక ఎర్త్, బాడీకి బిగించిన ఒక బోల్టు. కొన్ని కార్లలో ఫ్యూజు రిలేకి ముందు కాదు, తర్వాత ఉంటుంది. మీ బండిలో ఎటుందో వైరింగ్ బొమ్మలో చూసుకోండి. ఎందుకంటున్నానో ఇంకాసేపట్లో తెలుస్తుంది.

మరి రిలేని కలిపేది ఎవరు? తాళమా? కాదు. తాళం తిప్పితే రిలే కాయిల్‌కి ఒకవైపు 12 వోల్టులు వస్తాయి, అంతవరకే. రెండోవైపు ఎర్త్ ఇచ్చేది ఈసీయూ, అంటే ఇంజన్ని నడిపే కంప్యూటరు. అది మొదట సుమారు రెండు సెకన్లు మాత్రమే ఇస్తుంది. లైనులో ప్రెషర్ నిలబెట్టడానికి ఆ రెండు సెకన్లు చాలు. తర్వాత సెల్ఫ్ తిప్పినప్పుడు క్రాంక్ సెన్సర్ నుంచి "ఇంజను తిరుగుతోంది" అని సిగ్నల్ వస్తేనే మళ్లీ కలుపుతుంది. ఇంజను ఆగిందా, ఒకటి రెండు సెకన్లలో పంపుని కూడా ఆపేస్తుంది. ఇలా ఎందుకు పెట్టారు? బండి గుద్దుకుని పెట్రోలు పైపు తెగిందనుకోండి, ఇంజను ఆగినా పంపు తిరుగుతూ ఉంటే ఏమవుతుంది? పెట్రోలు రోడ్డంతా చిమ్ముతుంది. ప్రాణాలు కాపాడే ఏర్పాటు ఇది. దీన్ని గుర్తుపెట్టుకోండి, "డైరెక్ట్" గురించి, అంటే రిలే లేకుండా వైరుతో కలిపెయ్యడం గురించి, చెప్పేటప్పుడు మళ్లీ ఇక్కడికే వస్తాను.

చెవితో, కంటితో ముందు తేలేవి

పనిముట్టు తియ్యకముందే సగం తేలిపోతుంది. కిటికీలు ఎత్తి, ఏసీ ఫ్యాను ఆపి, ఒకరు వెనక సీటు దగ్గర చెవి పెట్టండి. ఇంకొకరు తాళం ఆన్ చెయ్యండి, సెల్ఫ్ కొట్టొద్దు. జుయ్‌మని రెండు సెకన్లు వినపడి ఆగాలి. వినపడలేదంటే మళ్లీ ఆపి, పది సెకన్లాగి ఆన్ చెయ్యండి. అప్పుడే ఆపి అప్పుడే ఆన్ చేస్తే కొన్ని ఈసీయూలు రెండోసారి పంపుని తిప్పవు.

అదే సమయంలో డ్యాష్‌బోర్డు చూడండి. తాళం ఆన్‌లో చెక్ ఇంజన్ లైటు వెలగాలి. అసలు వెలగట్లేదా? అప్పుడు పంపు రిలే సంగతి పక్కన పెట్టండి. ఈసీయూకే కరెంటు లేదు, మెయిన్ రిలే, దాని ఫ్యూజు చూడాలి. ఇమ్మొబిలైజర్ లైటు గబగబా మెరుస్తోందా? తాళంలోని చిప్‌ని బండి గుర్తుపట్టట్లేదు. సెల్ఫ్ కొడుతుంటే ఆర్‌పీఎం ముల్లు కాస్త కూడా లేవట్లేదా? క్రాంక్ సెన్సర్ మీద అనుమానం పెట్టుకోండి. మొదటి రెండు సెకన్లూ పంపు మోగి, సెల్ఫ్ కొట్టినప్పుడు మోగకపోతే ఆ అనుమానం ఇంకా బలపడుతుంది. ఇవేవీ చూడకుండా రిలే మార్చేవాళ్లున్నారు, రిలే ఏం చేస్తుంది పాపం.

పాత ఫోర్డ్, ఫియట్ కార్లు కొన్నింటిలో గుద్దినప్పుడు పంపు ఆపే ఇనర్షియా స్విచ్ ఉంటుంది. పెద్ద గోతిలో పడ్డా ఒక్కోసారి అది ఎగిరిపోతుంది. పైన రబ్బరు బటన్ నొక్కితే మళ్లీ కూర్చుంటుంది. నొక్కేముందు బండి కింద పెట్రోలు కారుతోందేమో వంగి చూడండి, వాసన చూడండి.

ఇంకొక తేడా. నడుస్తున్న బండి తాళం ఆపేసినట్టు టక్కున ఆగిందా, జర్కులిచ్చి, లాగలేక లాగలేక ఆగిందా? కస్టమర్ని ఇది తప్పకుండా అడగండి. టక్కున ఆగితే ఎక్కువగా కరెంటు వైపు. లాగలేక ఆగితే ఫిల్టరు, పంపు, పెట్రోలు వైపు. నూటికి నూరూ అలాగే ఉండదు గానీ, ఎటునుంచి మొదలెట్టాలో చెప్తుంది. స్కానర్ ఉంటే పి 0230 కోడు పంపు సర్క్యూట్‌నే చూపిస్తుంది, పి 0231 వస్తే పంపు వైపు వోల్టేజి తక్కువని అర్థం. కోడు రాలేదని సర్క్యూట్ బాగుందనుకోకండి.

ఫ్యూజు బాగుంది, గాడి బాగాలేదు

ఇప్పుడు ఫ్యూజుకొద్దాం. ఫ్యూజు బాక్సు మూత లోపల బొమ్మ ఉంటుంది, దాని ప్రకారం వెతకండి. రంగులు ఎలాగూ తెలుసు: 10 ఎరుపు, 15 నీలం, 20 పసుపు, 30 ఆకుపచ్చ. ఫ్యూజుని పీకి వెలుతురుకి పెట్టి చూస్తారు అందరూ. తీగ తెగకపోతే "ఫ్యూజు బాగుంది" అంటారు. అది చాలదు. తీగ కాలికి అతికే చోట వెంట్రుకంత పగులు ఉంటే కంటికి కనపడదు.

పీకకుండానే చూడండి. ఫ్యూజు నెత్తిమీద రెండు చిన్న బెజ్జాలుంటాయి, ఇదిగో చూడండి. మల్టీమీటరు నలుపు వైరు బ్యాటరీ నెగిటివ్ మీద, ఎరుపు ఒక్కొక్క బెజ్జంలో. రెండు వైపులా 12 వస్తే ఫ్యూజు దాటి కరెంటు వెళ్తోంది. ఒక వైపే వస్తే ఫ్యూజు పోయింది. రెండు వైపులా రాలేదా? అప్పుడు తొందరపడకండి. ఇందాక చెప్పాను, కొన్ని బళ్లలో ఫ్యూజు రిలే తర్వాత ఉంటుందని. వాటిలో ఆ రెండు సెకన్లే కరెంటు కనపడుతుంది. పక్కనవాళ్లు తాళం తిప్పుతుంటే మీరు మీటరు మీదే కన్నుపెట్టి చూడాలి.

ఇక మన ఊరి సంగతి. బీచ్ రోడ్డు, రుషికొండ, భీమిలి దారి, ఇటు పోర్టు చుట్టుపక్కల. రాత్రంతా బయట ఉండే బళ్ల ఫ్యూజు బాక్సు తెరిచి చూడండి. హుద్‌హుద్ లాంటి తుపాను రానక్కర్లేదు, రోజూ వచ్చే ఉప్పుగాలి చాలు. కాళ్ల మీద ఆకుపచ్చగా, తెల్లగా చిలుము పడుతుంది. దానికి తోడు వాటర్ సర్వీసులో ప్రెషర్ గన్ను తిన్నగా ఫ్యూజు బాక్సు మీద పెడతారు. మూత రబ్బరు ఎండిపోయి ఉంటుంది, నీళ్లు లోపలికి పోతాయి, పోయినవి ఆరవు. దయచేసి ఆ పని చెయ్యనివ్వకండి. చిలుము పడితే ఏమవుతుంది? లెక్క చూద్దాం. పంపు 5 ఆంపియర్లు లాగుతోంది. గాడి దగ్గర ఒక ఓమ్‌లో పదో వంతు అడ్డు వచ్చింది, 0.1 ఓమ్. అక్కడే అర వోల్టు పోతుంది. అంతకంటే ముఖ్యం, ఆ సూదిమొనంత చోట రెండున్నర వాట్ల వేడి పుడుతుంది. ఆ వేడికి గాడిలో స్ప్రింగు పట్టు వదులుతుంది. పట్టు వదిలితే అడ్డు పెరుగుతుంది, అడ్డు పెరిగితే వేడి పెరుగుతుంది. చివరికి ప్లాస్టిక్ కరుగుతుంది, ఫ్యూజు మాత్రం తెగదు! ఎందుకు తెగదు? వెళ్తున్నది 5 ఆంపియర్లే, అది 15 ఆంపియర్ల ఫ్యూజు.

ఈ ఫ్యూజు చూడండి, చేతిలోకి తీసుకుని అందరికీ ఇవ్వండి తమ్ముడూ. తీగ నిక్షేపంలా ఉంది. ఒక కాలు మెరుస్తోంది. రెండో కాలు నీలం, గోధుమ కలిసిన రంగులోకి మారింది, దాని పక్క ప్లాస్టిక్ కొంచెం ఉబ్బింది. వేడెక్కింది ఆ వైపే. ఇలాంటిది కనపడితే కొత్త ఫ్యూజు పెట్టి మూత వేసెయ్యడం కాదు పని. గాడిలో పిన్ను మార్చాలి, దాని క్రింపు దగ్గర, అంటే పిన్నుకి వైరుని నొక్కి బిగించిన చోట, వైరు నల్లబడితే అక్కడి వరకు కోసి కొత్త పిన్ను క్రింపు చెయ్యాలి.

లోడు మీద అని ఎందుకంటున్నానో ఇప్పుడు అర్థమైంది కదా. కుళాయి కట్టేసి ఉన్నంతసేపూ పైపులో మడత ఉన్నా ప్రెషర్ నిండుగానే ఉంటుంది. మీటరు కూడా అంతే. వైరులో ఒకే ఒక్క తీగపోగు మిగిలినా 12 వోల్టులు చూపిస్తుంది, ఎందుకంటే మీటరు ఏమీ లాగదు. అందుకే ఇదిగో, 55 వాట్ల హెడ్‌లైట్ బల్బు, రెండు పొడుగు వైర్లు, చివర క్లిప్పులు. ఇది దాదాపు 4.6 ఆంపియర్లు లాగుతుంది, ఇంచుమించు పంపంత. పంపు కప్లర్ ఊడదీసి బల్బుని అక్కడ కలపండి. నిండుగా వెలిగితే అక్కడి వరకు దారి బాగుంది, ఇక పంపునే అనుమానించండి. మసకగా వెలిగితే దారిలో ఎక్కడో అడ్డుంది.

ఒక్క జాగ్రత్త. కప్లర్ దగ్గర నిప్పురవ్వ రాకూడదు. ముందు అన్నీ ఆపి, బల్బు కలిపి, బల్బుని కారు బయట నేల మీద పెట్టి, ఆ తర్వాత ముందువైపు రిలే దగ్గర కరెంటు ఇవ్వండి. రవ్వ వస్తే ఇంజను దగ్గర రావాలి గానీ ట్యాంకు దగ్గర కాదు. తలుపులన్నీ తెరవండి. పెట్రోలు వాసన వస్తుంటే అసలీ పరీక్షే వద్దు, ముందు లీకు సంగతి చూడండి.

రిలే

రిలేని తిరగేస్తే కాళ్ల పక్కన నంబర్లుంటాయి. 85, 86 కాయిల్. 30, 87 కాంటాక్టు. అయిదో కాలుంటే 87ఏ, రిలే కలవనప్పుడు 30తో కలిసి ఉండేది. చిన్న మైక్రో రిలేల్లో కొన్నింటికి 1, 2 కాయిల్, 3, 5 కాంటాక్టు అని ఉంటుంది. వైరు రంగుల్ని నమ్మకండి, నంబర్ని నమ్మండి.

చాలామంది చేసే పరీక్ష, హారన్ రిలే పీకి ఇక్కడ పెట్టడం. మంచిదే, వద్దనను. కానీ రిలే మీద పార్టు నంబరు ఒకటే అయ్యుండాలి. కాళ్లు సరిపోయాయని పెట్టకండి. కొన్నింటిలో కాయిల్‌కి అడ్డంగా డయోడు, అంటే కరెంటుని ఒకవైపే పోనిచ్చేది, ఉంటుంది, ప్లస్ మైనస్ తారుమారైతే డయోడు గుండా షార్ట్ అవుతుంది. కాళ్ల వరస వేరేగా ఉన్నవీ ఉన్నాయి.

ఇక రెండో నమ్మకం: "టక్కుమంది కదా సార్, రిలే బాగుంది." టక్కుమంటే కాయిల్ పనిచేసిందని, అంతే. కాంటాక్టు కాలిపోయి నల్లబడ్డ రిలే కూడా చక్కగా టక్కుమంటుంది. కాబట్టి బల్ల మీద ఇలా చూడండి. ముందు 85, 86 మధ్య ఓములు. మామూలుగా 50 నుంచి 120 మధ్య వస్తుంది. అసలు చూపించకపోతే కాయిల్ తెగింది. 30, 87 మధ్య ఏమీ చూపించకూడదు, చూపిస్తే కాంటాక్టు అతుక్కుపోయింది, పంపు ఆగకుండా తిరుగుతుంది, బ్యాటరీ దిగిపోతుంది. తర్వాత బ్యాటరీతో కాయిల్‌కి 12 ఇవ్వండి, డయోడు బొమ్మ ఉంటే ప్లస్ మైనస్ చూసి ఇవ్వండి. 30కి బ్యాటరీ పాజిటివ్, 87కి మన హెడ్‌లైట్ బల్బు. బల్బు వెలుగుతుండగా మీటరుని 30, 87 మీద పెట్టండి. 0.1 వోల్టు లోపు ఉంటే రిలే మంచిది. 0.2 దాటితే పక్కన పడేయండి. అర వోల్టు చూపిస్తూ బల్బు బాగానే వెలిగే రిలేలుంటాయి, వెలుగు చూసి మోసపోకండి.

వేడెక్కితే ఆగిపోయి, అరగంట ఆగితే మళ్లీ స్టార్టయ్యే బళ్లున్నాయి కదా. మే నెలలో మధ్యాహ్నం ఎక్కువ వస్తాయి. రిలే లోపల టంకం పగిలితే ఇలా చేస్తుంది. ఆగిన వెంటనే, చల్లారకముందే, స్క్రూడ్రైవరు పిడితో రిలే మీద మెల్లగా తట్టి తాళం ఆన్ చెయ్యండి. పంపు మోగితే జబ్బు రిలేలోనో, దాని గాడిలోనో ఉంది. చల్లారాక ఎన్ని పరీక్షలు చేసినా దొరకదు.

రిలే పీకాక సాకెట్‌లో చూడాల్సినవి. ఇక్కడ ఒక మాట గట్టిగా చెప్పాలి. మీటరు ముల్లుని సాకెట్ గాడిలో కుక్కకండి. మీరు కుక్కిన ముల్లుకి ఆడ పిన్ను వెడల్పైపోతుంది, మీరే కొత్త లూజ్ కాంటాక్టు తయారుచేసినట్టు. రిలే కాలి వెడల్పున్న మగ పిన్ను, పెద్ద రిలేలకి 6.3 మిల్లీమీటర్లది, తీసుకుని దానికి వైరు క్రింపు చేసుకోండి. ఎలక్ట్రికల్ షాపుల్లో దొరుకుతుంది, ఒక్కసారి చేసుకుంటే చాలు.

30 గాడిలో బల్బు పెట్టి బాడీకి ఎర్త్ చెయ్యండి, నిండుగా వెలగాలి. కొన్ని బళ్లలో ఇక్కడికి కరెంటు మెయిన్ రిలే దాటి వస్తుంది, తాళం ఆన్‌లో ఉండాలి. 85, 86 గాడుల దగ్గర మాత్రం బల్బు వాడొద్దు, మీటరే. ఈసీయూ వైపున్న వైరుకి బల్బుతోగానీ, డైరెక్ట్ వైరుతోగానీ కరెంటు పెట్టకండి, లోపల రిలేని కలిపే సర్క్యూట్ కాలిపోతే ఈసీయూ ఖరీదు తెలుసుగా. మీటరు రెండు ముళ్లూ 85, 86 మధ్య పెట్టి, పక్కనవాళ్లని తాళం ఆన్ చెయ్యమనండి. రెండు సెకన్లు 12 వచ్చి పోవాలి. వచ్చిందా? తాళం, ఈసీయూ, కాయిల్ వైర్లు అన్నీ ఒక్క దెబ్బకి బాగున్నాయని తేలిపోయింది. ఆ ఒక్క పరీక్ష సగం పని తగ్గిస్తుంది, దాన్ని వదలకండి.

చివరికి 30, 87 గాడుల్ని కలిపే వైరు. మధ్యలో 15 ఆంపియర్ల ఫ్యూజు ఉన్న వైరే వాడాలి. కలపగానే పంపు తిరిగితే, పంపు వైపు దారి ఉంది, రిలేనో, దాని కంట్రోలో చూడాలి. తిరక్కపోతే 87 నుంచి వెనక్కి వెళ్లండి. కొత్త బళ్లు కొన్నింటిలో పంపుకి విడిగా కంట్రోల్ మాడ్యూల్ ఉంటుంది, కొన్నింటిలో రిలే ఫ్యూజు బాక్సు బోర్డులోనే అతికేసి ఉంటుంది. వాటిలో ఈ పద్ధతి కుదరదు, ఆ బండి మాన్యువల్ చూసే చెయ్యాలి.

ఇప్పుడు ఇందాకటి "డైరెక్ట్" మాట. ఆ వైరు పెట్టగానే బండి స్టార్టయింది. కస్టమర్ తొందరలో ఉన్నాడు. "అలాగే ఉంచెయ్ బాబూ, తర్వాత చూద్దాం" అంటాడు. ఉంచుతారా? బండి గుద్దుకున్నా ఆగని పంపుని ఆ కుటుంబానికి అమర్చి పంపిస్తున్నారు. రిలే దొరికేదాకా బండి ఇక్కడే ఉండాలి. ఈ విషయంలో ఎవరి మొహమాటానికీ లొంగకండి.

ఫ్యూజు ఎందుకు పోయింది

ఫ్యూజు పోయి ఉంటే కొత్తది పెట్టడం రెండు నిమిషాల పని. ఎందుకు పోయిందో కనుక్కోవడమే అసలు పని. 15 పోతోందని 20 పెట్టడం, 20 పోతోందని 30 పెట్టడం, ఆఖరికి రాగి తీగ చుట్టడం, ఇవన్నీ చూస్తూనే ఉన్నాం. ఫ్యూజు కాపాడేది పంపుని కాదండి, వైరుని. ఫ్యూజు పెద్దదైతే కాలేది కార్పెట్ కింద వైరు, అది పోయేది పెట్రోలు ట్యాంకు దగ్గరికి.

ఎంతసేపటికి పోయిందో చూడండి. 15 ఆంపియర్ల బ్లేడు ఫ్యూజు 15 దాటగానే తెగిపోదు. 135 శాతం, అంటే 20 ఆంపియర్ల దగ్గర పది నిమిషాల వరకు కూడా ఓర్చుకోవచ్చు. రెండింతలు, 30 ఆంపియర్లయితే అయిదు సెకన్లలోపు పోతుంది. కాబట్టి పెట్టగానే ఫట్‌మంటే వైరు ఎక్కడో బాడీకి తగులుతోంది, లేదా పంపు బిగుసుకుపోయింది. కొంతదూరం నడిచాక పోతుంటే పంపు ఎక్కువ లాగుతోంది. మామూలు పంపు 4 నుంచి 7 ఆంపియర్లు లాగుతుంది. ఫిల్టరు పూడుకుపోయినా, బేరింగ్ అరిగినా అది పెరుగుతుంది. ఎప్పుడూ రిజర్వులో నడిపే బళ్లలో పంపు త్వరగా అరుగుతుంది, దాన్ని చల్లబరిచేది పెట్రోలే.

ఫ్యూజు మీద ఫ్యూజు తగలెయ్యకుండా వెతికే పద్ధతి చెప్తాను. ఫ్యూజు గాడిలో ఫ్యూజుకి బదులు మన 55 వాట్ల బల్బు కలపండి. 30, 87 కలిపి ఉంచండి. బల్బు అయిదు ఆంపియర్లకి మించి పోనివ్వదు, వైరు కాలదు. బల్బు నిండుగా వెలుగుతోందా? 30, 87 కలిపిన వైరు తీసి, వెనక పంపు కప్లర్ ఊడదీయించి, వైరు మళ్లీ కలపండి. ఇప్పుడు వెలగకపోతే పంపే దోషి. వెలిగితే వైరు షార్టు. అప్పుడు బల్బు వైపు చూస్తూ వైరింగుని ఒక్కొక్కచోట కదపండి. డోరు గుమ్మం పట్టీ కింద, సీటు బోల్టు దగ్గర, ట్యాంకు మీద నేల రేకు అంచు దగ్గర. ఎక్కడ కదిపితే బల్బు వెలుగు మారిందో అక్కడ విప్పండి. ఎలుకలు కొరికినవి కూడా ఇలాగే దొరుకుతాయి.

బయట పెట్టించుకున్న దొంగతాళం అలారాలు, జీపీఎస్‌లు పంపు వైరునే కోసి మధ్యలో వాళ్ల రిలే పెడతాయి. సీఎన్‌జీ, ఎల్‌పీజీ కిట్లలో కూడా కొన్ని పంపు వైరు కోస్తాయి. కంపెనీ రిలే నూరు శాతం బాగున్నా ఆ టేపు చుట్టిన జాయింటు దగ్గర కరెంటు ఆగిపోతుంది. కాబట్టి మొదటే అడగండి: "బండికి బయట ఏమేం పెట్టించారు?"

మార్చేటప్పుడు

తాళం తీసి, 10 సైజు స్పానరుతో బ్యాటరీ నెగిటివ్ విప్పండి. ఫ్యూజు పుల్లరుతో నిలువుగా లాగండి, పక్కలకి ఊపకండి, గాడి వెడల్పవుతుంది. గాడిలో ఎలక్ట్రికల్ కాంటాక్ట్ క్లీనర్ కొట్టి పూర్తిగా ఆరనివ్వండి. ఎమెరీ పేపరు పెట్టి రుద్దకండి, పిన్ను మీది తగరపు పూత పోతే ఉప్పుగాలికి ఇంకా త్వరగా చిలుము పడుతుంది. అదే ఆంపియర్లు, అదే సైజు ఫ్యూజు. పేరున్న కంపెనీవే కొనండి, అట్టపెట్టెలో వంద కలిపి చౌకగా అమ్మేవి కొన్ని చెప్పిన ఆంపియర్లకి తెగవు. రిలే పెట్టేటప్పుడు పట్టు చూడండి. బిగువుగా దిగాలి. జారుడుగా దిగితే సాకెట్ పిన్ను మార్చాలి.

పెట్టాక అయిపోయిందనుకోకండి. ఇంజను నడుస్తుండగా రెండు కొలతలు తీసుకోండి. బ్యాటరీ పాజిటివ్‌కీ పంపు కప్లర్ పాజిటివ్‌కీ మధ్య, కప్లర్ తగిలించే ఉంచి, వెనకనుంచి సన్న ముల్లుతో. అర వోల్టు దాటకూడదు. పంపు ఎర్త్‌కీ బ్యాటరీ నెగిటివ్‌కీ మధ్య 0.2 దాటకూడదు. ఎర్త్ వైపు ఎక్కువొస్తే బాడీ బోల్టు విప్పి, పెయింటు, తుప్పు గీకి, బిగించి, పైన గ్రీజు పూయండి. చాలా బళ్లలో అసలు జబ్బు ఇక్కడే దొరుకుతుంది, ఎవరూ చూడరు గనక.

ప్రశ్నలుంటే అడగండి.

ఆంపియర్లు క్లాంప్ మీటరుతో చూడొచ్చా అంటున్నారు. చూడొచ్చు, కానీ డీసీ ఆంపియర్లు చూపించే క్లాంప్ అయ్యుండాలి. ఇళ్ల వైరింగ్ పనికి వాడే చౌకవి ఎక్కువగా ఏసీ మాత్రమే చూపిస్తాయి, బండి మీద పెడితే సున్నా వస్తుంది. కొనేముందు డీసీ అని రాసుందో లేదో చూసుకోండి. మామూలు మీటరుతో అయితే 10 ఆంపియర్ల సాకెట్‌లో ఎరుపు వైరు పెట్టి, ఫ్యూజు గాడిలో కలపండి. ముందు బల్బు పరీక్షలో షార్టు లేదని తేలాకే.

అమ్మా, మీ ప్రశ్న మళ్లీ చెప్పండి. సరే, దారిలో ఆగిపోతే, సింహాచలం ఘాట్ మీదో అరకు దారిలోనో, మీటరు లేకపోతే ఏం చెయ్యాలని. మంచి ప్రశ్న. బండి పక్కకి తీసి నాలుగు ఇండికేటర్లూ వెయ్యండి, అందర్నీ బండి దింపి లోపలివైపు నిలబెట్టండి. పెట్రోలు వాసన చూడండి, ఉంటే ఏదీ ముట్టుకోకండి. లేకపోతే తాళం ఆన్ చేసి పంపు వినండి. వినపడకపోతే ఫ్యూజు తీసి చూడండి. డ్యాష్‌బోర్డులో అదే ఆంపియర్ల విడి ఫ్యూజులు ఒకటి రెండు ఎప్పుడూ ఉంచుకోండి, పోయి ఉంటే అందులోది పెట్టండి. అదీ పోతే మూడోది పెట్టకండి, టోయింగ్ పిలవండి. ఫ్యూజు బాగుంటే రిలే మీద తట్టండి, తర్వాత అదే పార్టు నంబరున్న రిలే ఇంకొకటి తెచ్చి పెట్టండి. హారన్ రిలే, ఏసీ రిలే రెండూ అదే నంబరైతే ఏసీది తియ్యండమ్మా. కొండ దిగేదాకా ఏసీ లేకపోయినా ఫరవాలేదు, మలుపుల్లో హారన్ ఉండాలి.